వి అక్షరం మాటలు

చిన్నలంక,
4 ఆగస్టు 2003

పూజ్యులైన విశ్వాసం మాస్టారు గారికి,

మీ పాత విద్యార్థిని కెజియా వందనాలు. కొల్లేటి లంకలో పంతులమ్మగా పనిచేస్తున్న నన్ను ఏలూరులో ఎవరూ గుర్తుపెట్టుకుని ఉండరనుకున్నాను. మొన్న నరసరాజు గారి కార్డు వచ్చింది. మన ఇంగ్లీషు సంఘం ఏటా స్కూలు పిల్లలకి పెట్టే అరుదైన మాటల పోటీలో ఈసారి తప్పు పలికితే కొట్టే గంట దగ్గర నన్ను కూర్చోమంటున్నారు. పోటీ డిసెంబరు ఇరవైన. మీరే నా పేరు చెప్పారట. ఇరవై ఏళ్ళుగా మీరు కూర్చున్న కుర్చీ అది. కార్డు మూడుసార్లు చదివి, పెట్టెలో దాచి, మళ్ళీ తీసి చదివాను.

మీకు గుర్తుందో లేదో, 1986లో ఆ గంట నాకూ మోగింది. ఎనిమిదో తరగతి. చివరికి మిగిలిన ముగ్గురిలో నేనొకదాన్ని. చీటీ తీశాను. అందులో ఉన్న మాట మా అమ్మమ్మ నోట ఎన్నోసార్లు విన్నదే. అమ్మమ్మ ఎస్తేరమ్మ మిషన్ ఆసుపత్రి బంగళాలో దొరసాని గారికి పద్దెనిమిదేళ్ళు వంట చేసింది. అక్షరం ముక్క రాదు. ఆవిడ అన్నట్టే నేనూ అన్నాను. మీరు గంట కొట్టారు, హాలంతా నవ్వింది. ఆ మాట ఇక్కడ రాయడానికి ఇప్పటికీ సిగ్గుగానే ఉంది. ఆ రోజు ఇంటికెళ్ళి అమ్మమ్మ మీద విరుచుకుపడ్డాను. నా ముందు ఇంకెప్పుడూ ఇంగ్లీషు ముక్క మాట్లాడొద్దన్నాను. పాపం, మళ్ళీ మాట్లాడలేదు.

ఆ పోటీలో గంట కొట్టినవారి మాటే చివరి మాట. అందుకే నాకు భయం, భయం కంటే పట్టుదల ఎక్కువ. నా చేతి గంట వల్ల ఒక్క పిల్ల కూడా అన్యాయంగా స్టేజీ దిగకూడదు. పోటీ మాటలు మూడు వందలూ నాకు నేర్పండి మాస్టారూ. లంకలో ఫోను లేదు, కైకలూరు వెళ్ళి బూత్ నుంచి చేస్తాను. మీ నంబరు రాయండి.

ఇట్లు,
కెజియా


తాడేపల్లిగూడెం,
11 ఆగస్టు 2003

ప్రియమైన కెజియాకు దీవెనలు.

ఫోను మాత్రం చెయ్యకు తల్లీ. నా చెవులు కూడా రిటైరయ్యాయి. ఫోను మోగితే మా అమ్మాయి సువర్ణ తీసి, నువ్వన్నది నా చెవిలో అరుస్తుంది. నేను ఇంకేదో విని జవాబు చెబుతాను. దాన్ని సువర్ణ తనకిష్టమైనట్టు దిద్ది నీకు చెబుతుంది. అలా నేర్చుకున్న ఉచ్చారణతో నువ్వు గంట దగ్గర కూర్చుంటే ఇక పిల్లల్ని దేవుడే కాపాడాలి.

నిరుటి పోటీ సంగతి నీకు తెలియదేమో. మైకు ముందు పిల్లలు ఏమంటున్నారో నాకు ఒక్క ముక్క వినపడలేదు. వినపడకుండా గంటెలా కొట్టను? కొట్టలేదు. సాయంత్రానికి పద్దెనిమిది మంది ఫస్టు వచ్చారు, కప్పు ఒకటే ఉంది. నరసరాజు గారి ముఖం చూడాల్సింది. మీ తర్వాత ఎవరండీ అని ఆయన ఒక కాగితం మీద రాసి చూపిస్తే, దాని కిందే నీ పేరు రాశాను.

కాబట్టి ఉత్తరాలే గతి. ఒకందుకు మంచిదే. ఇంగ్లీషువాడు రాసేదొకటి, పలికేదొకటి. మన లిపి అలా దాచుకోదు. ప్రతి మాటా ఎలా పలకాలో తెలుగు అక్షరాల్లో రాసి పంపుతాను, ఉన్నదున్నట్టు చదువు.

ఎ-డబ్ల్యు-ఆర్-వై కనిపిస్తే ఆవ్రీ అనకు, అరై అను. అనుకున్నది పక్కకి ఒరిగి చెడిపోవడం. సి-హెచ్-ఐ-ఎమ్-ఇ-ఆర్-ఎ, ఇది కైమీరా. సింహం తల, మేక నడుం, పాము తోక ఉన్న జంతువు, అంటే లోకంలో లేనిది. మన సంఘం ఏటా కట్టిస్తామనే సొంత హాలు కూడా కైమీరాయే. బి-ఓ-ఎ-టి-ఎస్-డబ్ల్యు-ఎ-ఐ-ఎన్ చూసి హడలిపోకు, బోసన్ అంటే చాలు. ఓడలో పనివాళ్ళ మీద మేస్త్రీ. తొమ్మిది అక్షరాల్లో సగం ఊరికే హాజరు వేయించుకుంటున్నాయి. జి-యు-ఎన్-డబ్ల్యు-ఎ-ఎల్-ఇ, దీన్ని గనల్ అనాలి. పడవ పక్కగోడ పై అంచు. నీకు రోజూ పనికొచ్చే మాటే.

హెచ్ దాకా మిగిలినవి వేరే కాగితాల మీద ఉన్నాయి. గట్టిగా పైకి చదువు. మనసులో చదివితే అన్నీ ఒప్పులాగే ఉంటాయి.

ఆశీస్సులతో,
విశ్వాసం


చిన్నలంక,
2 సెప్టెంబరు 2003

మాస్టారు గారికి వందనాలు.

హెచ్ దాకా నోటికొచ్చాయి. వానలకి రోడ్డు మునిగింది కాబట్టి స్కూలుకి పడవ మీదే వెళ్తున్నాను, ఆ అరగంటా నాకు పాఠమే. గనల్ మీద కూర్చోవద్దని పిల్లల్ని ఇన్నేళ్ళుగా తిడుతున్నాను, దానికొక పేరుందని ఇప్పుడు తెలిసింది. బోసన్ అక్షరాలు ఒక్కొక్కటే విప్పి చెబుతుంటే పడవ నడిపే ఆయన తెడ్డు ఆపేసి, “ఏవండీ మేడమ్ గారూ, అన్నక్షరాలు పెట్టి మింగెయ్యడం ఎందుకండీ? పెట్టకుండా ఊరుకోవచ్చు కదండీ?” అన్నాడు. నా దగ్గర జవాబు లేదు. మీ దగ్గర ఉందా?

పోస్టుమాన్ జగ్గారావు గారు వారానికి రెండుసార్లు వస్తారు. మీ కవరు తేగానే నిలబడి, ఈసారి ఏ అక్షరమండీ అని అడుగుతున్నారు.

సాయంత్రం వరండాలో గట్టిగా చదువుతాను. అమ్మమ్మ చేపలు తోముతూ వింటుంది. ఒకటి రెండుసార్లు ఏదో అనబోయి ఆగినట్టనిపించింది. ఏంటమ్మమ్మా అంటే, “ఏం లేదులే, నీ చదువు నువ్వు చదువుకో,” అంది.

తర్వాతి అక్షరాలు పంపండి. నవంబరు ఇరవై రెండున కమిటీ వాళ్ళు నన్ను పరీక్షిస్తారట. తెలుగు మీడియంలో చదివిన మనిషికి ఈ పనేమిటని అక్కడ ఇద్దరు ముగ్గురు గొణుగుతున్నారని తెలిసింది. గొణగనివ్వండి.

కెజియా


తాడేపల్లిగూడెం,
15 సెప్టెంబరు 2003

ప్రియమైన కెజియాకు,

మీ పడవాయన ప్రశ్నకి నా దగ్గరా జవాబు లేదు. నలభై ఏళ్ళు ఇంగ్లీషు చెప్పినవాణ్ణి అలా ఒక్క మాటతో కూర్చోబెట్టాడు. నా నమస్కారాలు చెప్పు.

ఐ-ఎన్-డి-ఐ-సి-టి అన్న మాట ఇన్‌డైట్. నేరం మోపడం. మధ్యలో సి ఉన్నా లేనట్టే. పి-టి-ఎ-ఆర్-ఎమ్-ఐ-జి-ఎ-ఎన్, టార్మిగన్. పి నోరెత్తకూడదు. మంచు దేశాల్లో కోడిలాంటి పక్షి, చలికాలంలో తెల్లబడుతుంది. మీ కొల్లేటికి రాదు, పిల్లలు అడుగుతారని ముందే చెబుతున్నాను. క్యూ-యు-ఎ-వై, ఇది వట్టి కీ. పడవలొచ్చి ఆగే రాతిగట్టు. ఎస్-ఓ-యు-జి-హెచ్ అంటే చెట్లలోంచి గాలి వెళ్ళేటప్పటి చప్పుడు. మీ కిక్కిస గడ్డి దుబ్బుల్లో వినపడుతుందే, అదే. దీన్ని సౌ అనొచ్చు, సఫ్ అనొచ్చు, రెండూ ఒప్పే. పిల్ల ఏదన్నా గంట ముట్టుకోకు. డబ్ల్యు-ఐ-జెడ్-ఇ-ఎన్-ఇ-డి చూసి వైజన్డ్ అంటారు కొందరు. విజన్డ్ అనాలి. ముడతలుపడి వడలిపోయిన అని అర్థం. నా ఫోటో ఒకటి జతచేస్తే ఇంకా బాగా అర్థమయ్యేది.

జెడ్ దాకా అయిపోయాయి. ఇక వల్లె వేసుకోవడమే.

సువర్ణ నీకు రాయమంది, మా వీధిలో రైస్ మిల్లు మోతకి ఇంటిల్లిపాదికీ నా చెవులే వస్తాయట.

విశ్వాసం


చిన్నలంక,
6 అక్టోబరు 2003

మాస్టారు గారికి వందనాలు.

జెడ్ దాకా అయిపోయాయన్నారు. నేను లెక్కపెడితే రెండు వందల ఎనభై ఆరే ఉన్నాయి. యు తర్వాత డబ్ల్యు వచ్చింది. మధ్యలో వి అక్షరం కాగితం లేదు. జగ్గారావు గారి సంచీ కూడా బోర్లించి చూశాం. దయచేసి పంపండి. కమిటీ ముందు వి మాట వస్తే నేనేం చెప్పను?

కెజియా


తాడేపల్లిగూడెం,
13 అక్టోబరు 2003

ప్రియమైన కెజియాకు,

సువర్ణ ఇల్లు సర్దుతూ ఆ కాగితం ఎక్కడో పెట్టింది. వి లో పెద్దగా మాటలు లేవులే. ఉన్నవి రాసినట్టే పలుకుతారు, భయపడకు. ఉన్నవాటిమీద మనసు పెట్టు. ఈ మధ్య ఎడమ చెవిలో ఒకటే హోరు. డాక్టరు చుక్కల మందు ఇచ్చాడు. ఈసారికి ఇంతే.

విశ్వాసం


ఏలూరు,
3 నవంబరు 2003

మాస్టారు గారికి,

లైబ్రరీలో కూర్చుని రాస్తున్నాను. పొద్దున్నే పడవ, తర్వాత బస్సు ఎక్కి వచ్చాను. అక్కడున్న పెద్ద నిఘంటువుని బల్ల మీదికి చేర్చడానికి ఇద్దరం పట్టాల్సి వచ్చింది. మీరు పంపని వి మాటలన్నీ నేనే రాసుకుందామని మొదలుపెట్టి, ఒక మాట దగ్గర ఆగిపోయాను.

వి-ఐ-సి-టి-యు-ఎ-ఎల్-ఎస్. అర్థం, తినే పదార్థాలు, భోజనం సామాను. పక్కన ఎలా పలకాలో గుర్తులున్నాయి. అవి ఎలా చదవాలో మొదటి పేజీల్లో చూసుకుని, మీరు నేర్పినట్టే తెలుగులో రాసుకున్నాను. విటిల్స్. సి లేదు, యు లేదు, ఎ లేదు. మూడు పుస్తకాలు తీయించాను. మూడూ విటిల్స్ అనే అంటున్నాయి.

1986లో నా చీటీలో ఉన్న మాట ఇదే. నేను విటిల్స్ అన్నాను. మీరు చిరునవ్వుతో, “విక్చువల్స్ అమ్మా,” అని గంట కొట్టారు. అక్షరాలు మింగేసిన లంక పిల్లని చూసి హాలంతా నవ్వింది. మా అమ్మమ్మ ఆ మాటని పుస్తకంలో చదవలేదు. దొరసాని గారు భోజనానికి కూర్చుని “ఎస్తేర్, విటిల్స్!” అంటే గిన్నెలు పట్టుకెళ్ళేది. జిల్లాలో ఆ మాట సరిగ్గా తెలిసిన మనిషి మా వంటింట్లో ఉంది. నేను ఆవిడ నోరు మూయించాను.

తెలియక కొట్టిన గంటకి నాకు కోపం లేదు. కానీ మీకు తెలుసు. తెలియకపోతే వి అక్షరం దాచరు. ఎప్పటినుంచి తెలుసు? నా పేరు నా చదువు చూసి చెప్పారా, ఆ గంటకి పరిహారంగా చెప్పారా? ఇంకేమీ రాయకండి, ఈ రెండింటికీ జవాబు రాయండి.

కెజియా


తాడేపల్లిగూడెం,
10 నవంబరు 2003

కెజియా,

ఎనిమిదేళ్ళ నుంచి తెలుసు.

మా చర్చికి ఒక ఆదివారం పై దేశం నుంచి ఒక పెద్దావిడ వచ్చి ఇంగ్లీషు వాక్యం చదివింది. యెహోషువ గ్రంథంలో ఆ మాట ఉంది. ఆవిడ విటిల్స్ అంది. పాపం తడబడిందనుకున్నాను. అదే వాక్యాన్ని నలభై ఏళ్ళు అదే చర్చిలో నేను విక్చువల్స్ అని చదివినవాణ్ణి మరి. నాకు చెప్పిన మాస్టారు అలాగే చెప్పారు. ఆయనకీ పుస్తకమే తప్ప ఇంగ్లీషువాడి నోరు తెలియదు. ఇంటికొచ్చి, ఎందుకైనా మంచిదని నిఘంటువు తీశాను. పేజీ మూయకముందే నువ్వు గుర్తొచ్చావు. తెల్ల రిబ్బన్లు, మైకు అందక మునివేళ్ళ మీద నిలబడడం, అన్నీ.

ఆ వారమే రాయాలనుకున్నాను. నీ ఊరు తెలియదని వాయిదా వేశాను. తెలిశాక పెళ్ళయిందని, తర్వాత ఉద్యోగంలో స్థిరపడిందని, ఇప్పుడెందుకులే అని. సాకులకి కరువులేదు. నిరుడు పద్దెనిమిది మందిని గెలిపించానన్నానే, అది చెవుడు ఒక్కదానివల్లే కాదు. గట్టిగా పలికిన పిల్లల మాట కాస్త వినపడింది. గంట మీదికి చెయ్యి పోలేదు.

రెండో ప్రశ్న. రెండు కారణాలూ ఉన్నాయి. నీకు నేను బాకీపడ్డాననుకున్నాను. నీ అంత శ్రద్ధగా చదివే పిల్లని నా సర్వీసులో చూడలేదన్నదీ నిజమే. ఏది ఎంతపాలో నాకే తెలియదు.

నీ దగ్గర తలెత్తుకోలేను. క్షమించమని అడుగుతున్నాను.

విశ్వాసం


చిన్నలంక,
23 నవంబరు 2003

మాస్టారు గారికి వందనాలు.

నిజం రాసినందుకు సంతోషం. నా వరకు క్షమించాను, రాయడానికి పది రోజులు పట్టిందంతే.

నిన్న కమిటీ ముందు కూర్చున్నాను. నలభై మాటలు అడిగారు. ఒక్కటీ పోలేదు. గొణిగినవాళ్ళు కూడా ఒప్పుకున్నారు. అప్పుడు నేనొక షరతు పెట్టాను. పోటీ రోజు బల్ల మీద నిఘంటువు ఉండాలి. గంట మోగిన పిల్ల అనుమానముంటే చెయ్యెత్తి, “చూడండి” అనొచ్చు. చూసి తీరాలి. గంట కొట్టినవారి మాటే చివరి మాట అన్న రూలు తీసేయాలి.

నరసరాజు గారికి కోపం వచ్చింది. “ఏంటమ్మా మీరు మాట్లాడేది? విశ్వాసం గారు ఇరవై ఏళ్ళు ఆ కుర్చీలో కూర్చున్నారు. ఒక్క తప్పు పోయిందా? ఇవాళ నిఘంటువు పెట్టమంటే ఆయన్ని అనుమానించినట్టు కాదూ?” అన్నారు. తక్కినవాళ్ళు తలలూపారు.

ఆ క్షణంలో నా నాలుక చివర ఒక మాట ఉంది. అంటే చాలు, నిఘంటువు బల్ల మీదికొచ్చేది. కానీ మీరు లేనప్పుడు మీ వెనక అది చెప్పడం నాకు ఇష్టం లేకపోయింది. చెప్పాల్సింది మీరు. నరసరాజు గారికి ఉత్తరం రాయడం కాదు, పోటీ రోజు ఆ హాల్లో, ఆ మైకులో చెప్పాలి. నవ్వింది ఆ హాలే కాబట్టి. మా అమ్మమ్మని తీసుకొస్తాను.

నిఘంటువు లేకపోతే నేను గంట ముట్టను.

కెజియా


తాడేపల్లిగూడెం,
29 నవంబరు 2003

ప్రియమైన కెజియాకు,

నువ్వడిగింది న్యాయమే. కానీ నా సంగతి కూడా ఆలోచించు. నాకు డెబ్భై నాలుగు. ఆస్తుల్లేవు, ఇల్లు అల్లుడిది. ఏలూరులో ఇప్పటికీ రిక్షావాళ్ళు కూడా నన్ను డిక్షనరీ మాస్టారు అంటారు. నాకు మిగిలిందల్లా ఆ పేరొక్కటే. అది కూడా ఆ హాల్లో వదిలేసి రమ్మంటున్నావు. పోటీ అయ్యాక మీ ఇంటికే వచ్చి మీ అమ్మమ్మ గారికి ఒక్కరికీ చెప్పుకుంటాను. లేదా నేను పోయాక నువ్వే అందరికీ చెప్పు, నాకభ్యంతరం లేదు. చలికి దగ్గు కూడా పట్టుకుంది. సువర్ణ ప్రయాణం వద్దంటోంది.

విశ్వాసం


చిన్నలంక,
4 డిసెంబరు 2003

మాస్టారు గారికి,

మీకు డెబ్భై నాలుగు. మా అమ్మమ్మకి ఎనభై రెండు. మీరు పోయాక చెబితే వినడానికి ఆవిడ ఉండొద్దా?

మీ పేరు నేను అడగడం లేదు. ఆ పేరునే చూపించి నరసరాజు గారు నిఘంటువు వద్దంటున్నారు. ఈసారి ఏ ఊరి పిల్లో చెయ్యెత్తితే, చూడం పొమ్మనడానికి మీ పేరే అడ్డం పెడతారు. అది మీకు సమ్మతమేనా? సమ్మతమైతే రాయండి, నేను నరసరాజు గారికి రానని కార్డు వేసేస్తాను.

దగ్గుకి మిరియాల పాలు తాగండి. ఇరవైన ఏలూరు రండి.

కెజియా


తాడేపల్లిగూడెం,
12 డిసెంబరు 2003

కెజియా,

సమ్మతం కాదు. వస్తున్నాను. ముందు వరసలో మీ అమ్మమ్మ గారికి ఒక కుర్చీ వేయించమని నరసరాజు గారికి రాశాను. ఎందుకని ఆయన అడిగితే అక్కడే తెలుస్తుందన్నాను.

వి మాటలు పద్నాలుగూ జతచేస్తున్నాను. కాగితం ఎక్కడికీ పోలేదు.

విశ్వాసం


చిన్నలంక,
22 డిసెంబరు 2003

మాస్టారు గారికి కెజియా వందనాలు.

మీరు హాల్లోనే ఉన్నారు, ఐనా అక్కడ జరిగిందంతా మీకు రాస్తున్నాను. ఎందుకంటే మీకు కనపడిందే తప్ప ఒక్క ముక్క వినపడలేదు. సువర్ణక్క చెవిలో ఏదో చెప్పబోతే మీరు చెయ్యి అడ్డం పెట్టారు.

మీరు మాట్లాడింది మాకందరికీ బాగా వినపడింది. మీ గొంతు మీకు తెలియక మైకులో అరిచారు, బయట సైకిళ్ళ దగ్గరున్నవాళ్ళు కూడా లోపలికి వచ్చి నిలబడ్డారు. సంవత్సరం చెప్పారు, నా పేరు చెప్పారు, మీరు ఎలా పలికారో, నేను ఎలా పలికానో చెప్పారు. “ఆ అమ్మాయి ఒప్పు, నేను తప్పు, తెలిసి ఎనిమిదేళ్ళు దాచాను,” అన్నారు. నరసరాజు గారు కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ ఉండిపోయారు.

మీరు అమ్మమ్మ వైపు చేతులు జోడించి, ఆ మాట ఒక్కసారి అందరికీ వినిపించండమ్మా అన్నప్పుడు ఆవిడ వెంటనే లేవలేదు. పదిహేడేళ్ళు మూసుకున్న నోరు కదా. నేను చెయ్యి పట్టుకుని మెట్లెక్కించాను. మైకుని కాసేపు చూసింది.

“విటిల్స్,” అంది.

తర్వాత అంది, “అన్నం, కూర, రొట్టె, అన్నిటికీ కలిపి ఆ మాటేనండి. మా దొరసాని గారు రోజుకి మూడుసార్లు అనేవారండి. పద్దెనిమిదేళ్ళు నేను వండినదాని పేరండి అది. నాకు తెలియకపోతే ఎవరికి తెలుస్తుందండీ?” చప్పట్లు మీరు చూశారు. అవి చూసే మీరు కళ్ళు తుడుచుకున్నారు.

చివర్లో ఆవిడ మీతో ఏదో అంది, మీరు తల ఊపారు. క్షమించానంటోందని అనుకుని ఉంటారు. ఆవిడ అన్నది, “కూర్చోండి బాబుగారూ, మీ కాళ్ళు వణుకుతున్నాయి,” అని. మీకు దీన్ని ఎలా తీసుకోవాలనిపిస్తే అలా తీసుకోండి.

నిఘంటువు తెప్పించింది నరసరాజు గారే. ఎవరినీ అడగలేదు, మనిషిని పంపించి తెప్పించి నా ముందు పెట్టారు. మధ్యాహ్నం ఉండి ఊరి నుంచి వచ్చిన ఒక అమ్మాయికి ఎఫ్-ఎల్-ఎ-సి-సి-ఐ-డి వచ్చింది. బిగువు పోయి మెత్తగా వేలాడే అని అర్థం. ఫ్లాక్సిడ్ అంది. మీరు నాకు రాసింది ఫ్లాసిడ్. గంట కొట్టేశాను. ఆ అమ్మాయి స్టేజీ దిగకుండా అక్కడే నిలబడి చెయ్యెత్తింది. చూశాను. రెండూ ఉన్నాయి, ముందు ఆ అమ్మాయి అన్నదే ఉంది. తప్పు నాదని మైకులో చెప్పాను. చెప్పడానికి అర నిమిషం కూడా పట్టలేదు. ఆ అమ్మాయికి మూడో స్థానం వచ్చింది.

ఇక అసలు విషయం. మీకు రాయకపోతే నేనూ ఒక కాగితం దాచినట్టే.

కైకలూరు బస్సులో అమ్మమ్మకి కిటికీ పక్క సీటు దొరికింది, నేను రాడ్డు పట్టుకుని నిలబడ్డాను. చాలా తృప్తిగా ఉన్నాను. అనుకున్నది సాధించాను కదా. “చూశావా అమ్మమ్మా, మాస్టారి చేత ఎలా ఒప్పించానో,” అన్నాను.

ఆవిడ తలతిప్పి నన్ను చూసింది. “ఆయన గంట కొట్టాడంతేనమ్మా. నన్ను మాట్లాడొద్దన్నది నువ్వు కదా,” అంది.

కోపంగా అనలేదు. ఉప్పు తక్కువైందని చెప్పినట్టు చెప్పింది. మీ దగ్గుని, మీ సాకుల్ని ఎంత తేలిగ్గా కొట్టిపారేశానో గుర్తొచ్చింది. ఇంటికెళ్ళాక అడుగుదాంలే అనుకున్నాను. బస్సునిండా జనం, మా స్కూలు పిల్లల తల్లులే నలుగురున్నారు. రెండు స్టాపులు దాటిపోయాయి. మూడో స్టాపు దగ్గర వంగి, “నన్ను క్షమించు అమ్మమ్మా,” అన్నాను.

ఇంజను మోతలో వినపడలేదంది.

నిటారుగా నిలబడి, బస్సంతా వినేలా మళ్ళీ అన్నాను.

కెజియా